చర్చిల్‌లో తెల్ల ఎలుగుబంట్ల బండి: ఒక ఆర్టీసీ డ్రైవర్ రివ్యూ

ముందు రేటు చెప్పేస్తాను. మనవాళ్లు ఎవరైనా మొదట అడిగేది అదే కదా. ఒక రోజు టూరుకి మనిషికి ఐదు వందల కెనడా డాలర్ల పైమాటే, అంటే మన డబ్బుల్లో ముప్ఫై వేలు దాటుతుంది. కెనడాలోని విన్నిపెగ్ నగరం నుంచి చర్చిల్ వెళ్లి రావడానికి విమానం టికెట్టు దానికి దాదాపు రెట్టింపు. సీజన్‌లో లాడ్జి గది దొరకడమే కష్టం, దొరికినా రేటు అడగడానికి భయమేస్తుంది. "ఎలుగుబంటిని చూడటానికి ఇంత డబ్బా, నల్లమలలో ఉత్తి పుణ్యానికి కనిపించేది కదా" అంటే మా అమ్మాయి నవ్వి ఊరుకుంది. అప్పటికే టికెట్లు కొనేసింది.

నేను మార్కాపురం డిపోలో డ్రైవర్‌గా చేసి రిటైరయ్యాను. దోర్నాల మీదుగా శ్రీశైలం రూటు ఎక్కువ నడిపాను. అది పులుల అభయారణ్యం మధ్యలోంచి పోయే ఘాట్ రోడ్డు, రాత్రిపూట ట్రాఫిక్ ఆపేస్తారు. అందుకని నా కన్ను ముందు బండి మీద పడుతుంది, తర్వాత డ్రైవర్ మీద, ఆ తర్వాతే జంతువు మీద. ఈ రివ్యూ కూడా అదే వరసలో ఉంటుంది. కంపెనీ పేరు రాయను. ఊళ్లో ఈ సర్వీసు నడిపేవి రెండే పెద్ద కంపెనీలు, రెండూ ఇంచుమించు ఒకే రకం బండితో, ఒకే నేల మీద తిప్పుతాయి.

చర్చిల్ అనేది కెనడాలో మానిటోబా రాష్ట్రానికి ఉత్తరం కొసన, హడ్సన్ బే అనే అఖాతం ఒడ్డున ఉన్న చిన్న ఊరు. జనాభా వెయ్యికి లోపే. అక్కడికి రోడ్డు లేదు. రోడ్డే లేని ఊరికి టూరిస్టులు ప్రపంచం నలుమూలల నుంచి వస్తున్నారంటే, నలభై ఏళ్లు రోడ్ల మీద బతికినవాణ్ణి నాకు వింతగానే ఉంది. విమానం లేదా రైలు, అంతే. రైలు విన్నిపెగ్ నుంచి సుమారు 1,700 కిలోమీటర్లు, రెండు రాత్రుల ప్రయాణం. చివర్లో పట్టాల కింద అంతా బురద నేల, గడ్డకట్టిన నేల. అది కరుగుతూ గట్టిపడుతూ ఉంటుంది కాబట్టి రైలు నెమ్మదిగా పోవాల్సిందే. 2017 వసంతంలో వరదలకు పట్టాలు కొట్టుకుపోయి, 2018 చివరి దాకా రైలే లేదు. ఏడాదిన్నర పాటు బియ్యం గింజ దగ్గర్నుంచి చాలావరకు విమానంలోనే వచ్చాయంటే ఊళ్లో ధరలు ఎలా ఉండి ఉంటాయో ఊహించుకోండి. మా ఆవిడ మోకాళ్ల వల్ల మేము విమానంలోనే వెళ్లాం. ఒంట్లో సత్తువ, చేతిలో టైము ఉన్నవాళ్లు దారిలో ఉన్న థాంప్సన్ అనే ఊరి దాకా కారులో వెళ్లి అక్కడ రైలెక్కితే చాలా డబ్బు మిగులుతుంది.

ఇక బండి. దీని గురించి కాస్త ఎక్కువే రాస్తాను, ఓపిక లేనివాళ్లు కిందికి వెళ్లిపోవచ్చు.

ఊరికి తూర్పున టండ్రా, అంటే చెట్లు లేని చలి మైదానం, మొదలయ్యే చోటు దాకా మామూలు బస్సులో తీసుకెళ్తారు. అక్కడ ఎత్తైన దిమ్మె మీద నిలబడితే బండి వచ్చి పక్కన ఆనుతుంది. నేల మీంచి ఎక్కడానికి మెట్లు ఉండవు, ఎలుగు కూడా ఎక్కేస్తుంది కాబట్టి. టైరు ఎత్తు అయిదున్నర అడుగులు, మా ఆవిడ కంటే ఎక్కువ. నలభై మంది దాకా పట్టే పొడవు ఉంది కానీ మా ట్రిప్పులో అంతమంది లేరు. లోపల హీటరు, వెనక చిన్న బాత్‌రూం. దాని వెనకాల బయటికి ఓపెన్‌గా ఒక అరుగు, అడుగున ఇనుప జాలీ. ఆ జాలీ సంగతి తర్వాత చెబుతాను.

ఇలాంటి బండిని మొదట 1979లో లెన్ స్మిత్ అనే ఆ ఊరి మెకానిక్ కట్టాడట. అది విన్నాక నాకు బండి మీద గౌరవం పెరిగింది. ఫ్యాక్టరీలో కూర్చుని డిజైన్ చేసిన బండి కాదు ఇది, ఆ బురదలో ఇరుక్కుని తిట్టుకున్నవాడు కట్టిన బండి అని చూడగానే తెలిసిపోతుంది. టైర్లలో గాలి బాగా తక్కువ పెడతారు. బరువు ఒకచోట పడకుండా పరుచుకుంటుంది. పైన కనిపించే నాచు, పొదలు పల్చటి పొర మాత్రమే, కింద ఏడాది పొడవునా గడ్డకట్టే ఉండే నేల. పై పొర ఒక్కసారి చిరిగితే ఆ గాటు దశాబ్దాలు మానదు. అందుకని ఎక్కడపడితే అక్కడ తిరగనివ్వరు. రెండో ప్రపంచ యుద్ధం నాటి నుంచి అక్కడ సైన్యం ఉండేది. వాళ్ల బళ్లు తిరిగిన పాత దారులే ఇప్పటికీ ఈ బళ్లకు దారులు. ఎలుగు కుడివైపు అరకిలోమీటరు దూరాన పడుకుని ఉన్నా దారి దిగి వెళ్లడానికి లేదు. బండిలో కొంతమంది దీనికే గొణిగారు. నాకైతే నచ్చింది. అడవి రోడ్డులో ఆ మాత్రం కట్టడి లేకపోతే ఏమవుతుందో నేను చూసినవాణ్ణే.

మా డ్రైవరే గైడు కూడా. ముప్ఫై అయిదేళ్లు ఉంటాయేమో, గడ్డం, బక్కపల్చటి మనిషి. పల్చగా గడ్డకట్టిన నీటి గుంటలోకి దించేటప్పుడు బ్రేకు తొక్కకుండా ఇంజిన్ మీదే దింపాడు. మంచు పలక పగిలే చప్పుడు అయింది కానీ ఒక్క కుదుపు తెలియలేదు. అది చూసి మా ఆవిడతో "వీడు పనిమంతుడే" అన్నాను. మధ్యలో ఆగినప్పుడు దగ్గరికెళ్లి లీటరుకి ఎన్ని కిలోమీటర్లు ఇస్తుందని అడిగాను. ఆర్టీసీ మనిషి ఎక్కడికెళ్లినా అడిగేది కేఎంపీఎలే. ఆయన నవ్వి, ఇక్కడ కిలోమీటర్ల లెక్క ఉండదు, ఇంజిన్ ఎన్ని గంటలు తిరిగిందన్నదే లెక్క అన్నాడు. రోజంతా తిరిగినా పోయే దూరం తక్కువే, మనిషి నడకతో పోటీ పడే స్పీడు. మా డిపోలో ఈ లెక్క చెబితే మెమో ఇచ్చేవాళ్లు.

ఆ రెండు కంపెనీల్లో ఒకటి 2021లో ఒక బండిని బ్యాటరీ మీద నడిచేలా మార్చింది. మేము ఎక్కింది డీజిల్ బండి. చప్పుడు లేకపోవడం ఇక్కడ ఎంత ముఖ్యమో సాయంత్రానికి అర్థమైంది కాబట్టి, అలాంటిది దొరికితే అదే బుక్ చేసుకోమంటాను.

ఎలుగులు ఆ ఊరి దగ్గరే ఎందుకు పోగవుతాయో ఆయన చక్కగా చెప్పాడు. వాటి తిండి సీల్ చేపలు... చేపలని నాకు నోరు జారుతుంది గానీ అవి జంతువులే. మంచు పలకల మీద నిలబడితేనే ఎలుగు వాటిని పట్టగలదు. ఎండాకాలంలో బేలో మంచు కరిగిపోయాక గట్టు మీదికి వచ్చేస్తాయి. ఇక నవంబరులో మళ్లీ నీళ్లు గడ్డకట్టేదాకా దాదాపు పస్తే. చర్చిల్ నది తెచ్చే మంచినీళ్లు ఉప్పునీళ్ల కంటే ముందు గడ్డకడతాయి, బేలోని ప్రవాహాలు ఆ మంచుని ఈ ఒడ్డుకే నెట్టుకొస్తాయి. అందుకని తొందరగా వేటకి పోదామని అక్టోబరు చివరి నుంచీ ఇక్కడే కాచుక్కూర్చుంటాయి. గర్భంతో ఉన్న ఆడవి మాత్రం రావు. అవి లోపల గుహల్లో ఈనుతాయి, మళ్లీ తిండి మొహం చూసేసరికి ఎనిమిది నెలలు కూడా అవుతుందట.

మొదటి ఎలుగు కనిపించినప్పుడు నేను రాయి అనుకున్నాను. ఎర్రటి పొదల మధ్య కొంచెం పసుపు తిరిగిన తెలుపు. మంచు పక్కన పెట్టి చూస్తే అవి తెల్లగా ఉండవు, పాత పంచె రంగులో ఉంటాయి. డ్రైవర్ వంద మీటర్ల దూరంలోనే బండి ఆపి, ఇంజిన్ ఆపేశాడు. హీటరు గాలి చప్పుడు తప్ప ఏమీ లేదు. అలా ఎంతసేపు! వెనక సీట్లో ఒకాయన "కొంచెం ముందుకి పోనివ్వచ్చుగా" అన్నాడు, ఇంకొకాయన వాచీ చూసుకున్నాడు. డ్రైవర్ కదల్లేదు, ఫ్లాస్కులో కాఫీ పోసుకుని తాగాడు. అరగంట పైనే అయ్యుంటుంది. ఎలుగు లేచింది, ఆవులించింది, ముక్కు పైకెత్తి గాలి వాసన చూసింది. తర్వాత తీరిగ్గా, ఎవరో పిలిచినట్టు, నేరుగా బండి దగ్గరికి నడుచుకుంటూ వచ్చేసింది.

ఇక్కడే నాకు తల తిరిగింది. నల్లమలలో అన్నేళ్లు బండి నడిపితే నేను చూసిన ఎలుగుల్లో చాలావరకు పిరుదులే. హారన్ వినగానే పొదల్లోకి దూరేవి. దుప్పులు సరేసరి. పులిని చూశానని చెప్పే డ్రైవర్లలో సగం మంది తోక చూసినవాళ్లే. మనిషంటే భయం అక్కడ అడవి మొత్తానికీ తెలుసు. ఈ ఎలుగుకి నేల మీద భయపడాల్సిన జంతువు లేదు, పైగా పని లేదు, కడుపు ఖాళీ. కొత్త వాసన వస్తే వచ్చి చూడటమే దానికి కాలక్షేపం. తిండి వేయడం నిషేధం కాబట్టి తిండికి అలవాటుపడి వచ్చింది కాదు. వెంటపడి ఉంటే లేచి దూరంగా పోయేదని, ఆపి కూర్చోబట్టే వచ్చిందని డ్రైవర్ తర్వాత చెప్పాడు. మనం కట్టే డబ్బులో సగం ఆ ఆపడానికే అని నాకనిపించింది. ఎప్పుడు పోనివ్వాలో చాలామంది డ్రైవర్లకి తెలుసు. ప్యాసింజర్లు గొణుగుతున్నా ఎప్పుడు ఆపి ఉంచాలో తెలిసినవాళ్లు తక్కువ.

అది వచ్చి వెనక కాళ్ల మీద లేచి, ముందు పంజాలు బండి పక్కకి ఆనించింది. మా ఆవిడ కిటికీ కిందే. "ఏవండీ, ఇది నన్నే చూస్తోంది" అంది, వెనక్కి మాత్రం జరగలేదు. పంజా అన్నం పళ్లెమంత ఉంది. కళ్లు ఆ శరీరానికి చాలా చిన్నవి. మూతి నల్లగా, తడిగా. బొచ్చు తెల్లగా కనిపిస్తుంది కానీ కింద చర్మం నల్లదేనట. మగవి అయిదారు వందల కిలోల దాకా పెరుగుతాయి. ఇది వయసులో ఉన్నది, అంత ఉండదన్నారు.

అప్పుడు జాలీ సంగతి. నేను వెనక అరుగు మీదికి వెళ్లాను. అడుగున ఇనుప జాలీ ఎందుకు పెట్టారో అప్పుడే తెలిసింది. ఎలుగు బండి కిందికి దూరి, సరిగ్గా నా బూట్ల కింద ముక్కు పెట్టి వాసన చూసింది. దాని ఊపిరి ఆవిరిగా నా కాళ్ల మధ్య నుంచి పైకి వచ్చింది. మధ్యలో ఉన్నది ఆ జాలీ ఒక్కటే. భయమేసిందా అంటే వేసింది. కానీ కాలు తీయబుద్ధి కాలేదు. ఈ టూరుకి అయిదుకి అయిదు మార్కులు ఇచ్చేది ఏదైనా ఉంటే ఆ జాలీకి ఇస్తాను. అరుగు మీదికి తినే పదార్థం ఏదీ తేకూడదని, జాలీలోంచి వేలు పెట్టకూడదని గట్టిగా చెబుతారు. వినండి.

మధ్యాహ్నం రెండు కుర్ర మగవి కుస్తీ పట్టాయి. రెండు కాళ్ల మీద నిలబడి, ఒకదాన్నొకటి తోసుకుంటూ, మెడ కొరికినట్టే చేసి వదిలేస్తూ. నిజం పోట్లాట కాదు, ఆడవాటి కోసం అసలు పోట్లాటలు వసంతంలో మంచు మీద ఉంటాయట. కాసేపు పట్టడం, ఒళ్లు వేడెక్కి బోర్లా మంచులో పడుకోవడం, మంచు నాకడం, మళ్లీ లేవడం. మైనస్ పదిహేనులో వేడి భరించలేని జీవాలను మొదటిసారి చూశాను. దూరంగా పిల్లతో ఒక తల్లి కనిపించింది గానీ, మగవాటి వాసన తగిలి పక్కకి తిరిగిపోయింది. ఒక తెల్ల నక్క, మంచులో కలిసిపోయే టార్మిగన్ అనే కోడి లాంటి పక్షులు కొన్ని కూడా చూశాం.

ఇంత చూశాక కూడా ఒక లెక్క మనసులో ఉండిపోయింది. ఈ పడమటి హడ్సన్ బే ఎలుగులు 1980ల్లో దాదాపు 1,200 ఉండేవి. 2016లో 842 అని, 2021లో 618 అని అంచనా. బేలో మంచు లేని కాలం అప్పటికంటే వారాల తరబడి పెరిగింది. పస్తు అన్ని రోజులూ సాగాలి కదా. డ్రైవర్ ఇది మైకులో చెప్పేటప్పుడు గొంతు పెంచలేదు, సానుభూతి కూడా అడగలేదు. అంకెలు చెప్పి ఊరుకున్నాడు.

బాగోలేనివీ చెప్పాలి. భోజనం పేరుకి మాత్రమే. సూపు, శాండ్‌విచ్, బిస్కట్లు. గుమ్మడికాయ సూపు తియ్యగా ఉంది. మా ఆవిడ హ్యాండ్‌బ్యాగులో ఇడ్లీ కారం పొట్లం ఉండబట్టి గడిచింది (బండి లోపలే తిన్నాం, అరుగు మీద కాదు). శాకాహారులు బుక్ చేసేటప్పుడే చెప్పాలి, చెప్పినా చీజ్ శాండ్‌విచ్ తప్ప ఆశపడకండి. కిటికీలు ఊపిరి ఆవిరికి మాటిమాటికీ మసకబారతాయి, తుడవడానికి ఒక్క గుడ్డముక్క ఇవ్వలేదు. అద్దెకిచ్చిన కోటు మా ఆవిడకి రెండు సైజులు ఎక్కువ. బాత్‌రూంలో తిరగడానికి చోటు లేదు. ఒక ఎలుగు వస్తే బండిలోని జనం మొత్తం ఒక పక్కకే పరుగెత్తుతారు, పెద్దవాళ్లు వెనకబడిపోతారు. పక్కవాళ్లకి చోటివ్వమని డ్రైవర్ ఒకసారి చెప్పాడు, రెండోసారి చెప్పాల్సింది.

ముందు రోజు ఊరు తిప్పి చూపించారు. ఊళ్లో కార్లకి, చాలా ఇళ్లకి తాళాలు వేయరు. ఎలుగు ఎదురుపడితే ఎవరైనా లోపలికి దూరడానికి. రాత్రి పదింటికి సైరన్ మోగుతుంది, తర్వాత వీధుల్లో నడవొద్దు. ఊళ్లోకి వచ్చే ఎలుగుల కోసం పాత సైనిక షెడ్డులో 28 గదుల జైలు ఉంది. నీళ్లు ఇస్తారు, తిండి పెట్టరు, పెడితే మళ్లీ వస్తుందని. కొన్నాళ్లుంచి, మత్తిచ్చి, హెలికాప్టర్‌కి వేలాడదీసి ఉత్తరానికి తీసుకెళ్లి వదులుతారు. లోపలికి మనల్ని పోనివ్వరు.

ఆ టూరులో నాకు నచ్చనిది ఇంకొకటి. 1956లో సాయిసీ డెనె అనే ఆదివాసులను, కారిబూ జింకల్ని ఎక్కువ చంపుతున్నారని చెప్పి ప్రభుత్వం వాళ్ల డక్ లేక్ నుంచి విమానంలో తెచ్చి ఈ ఊరి పక్కన దింపేసింది. సరైన ఇళ్లు లేవు, వేట లేదు. ఎంతోమంది చనిపోయారు. మిగిలినవాళ్లు 1970ల్లో టాడూల్ లేక్ దగ్గరికి తామే వెళ్లిపోయి ఊరు కట్టుకున్నారు. ప్రభుత్వం క్షమాపణ చెప్పింది 2016లో. ఊరు చూపించిన గైడమ్మాయి దీన్ని రెండు వాక్యాల్లో దాటేసి, గోడల మీద బొమ్మలు చూపించడానికి అరగంట పెట్టింది. చెంచుల గూడేల పక్కనుంచి బండి నడిపిన నాకు ఆ రెండు వాక్యాలు చాలలేదు.

వెళ్లాలనుకునే మనవాళ్లకి, ముఖ్యంగా పిల్లల దగ్గరికి సూపర్ వీసా (తల్లిదండ్రులకి కెనడా ఇచ్చే దీర్ఘకాలపు వీసా) మీద వచ్చిన పెద్దవాళ్లకి కొన్ని మాటలు. ఎలుగుల కోసమైతే అక్టోబరు చివరి నుంచి నవంబరు మధ్య దాకా, సుమారు ఏడాది ముందే బుక్ చేసుకోవాలి. జులై, ఆగస్టుల్లో వెళ్తే నది ముఖం దగ్గర బెలూగా తిమింగలాలు వేలల్లో ఉంటాయి, చలి బాధ ఉండదు. ఆకాశంలో ఆకుపచ్చ వెలుగులు చూడాలంటే ఫిబ్రవరి, మార్చి మంచిదంటారు. మాకు మబ్బు వల్ల కనిపించలేదు. వాతావరణం బాగోలేక విమానాలు ఆగిపోవడం మామూలే కాబట్టి తిరుగు ప్రయాణానికి ఒక రోజు అదనంగా పెట్టుకోండి, మందులు కూడా ఆ లెక్కనే. ఇన్సూరెన్స్ కాగితం జేబులో ఉండాలి. ఫోను లోపలి జేబులో పెట్టుకోకపోతే చలికి చప్పున చచ్చిపోతుంది. డ్రైవర్‌కి టిప్పు ఇవ్వడం అక్కడి ఆనవాయితీ. నేను సంతోషంగానే ఇచ్చాను, తోటి డ్రైవర్‌నని చెప్పి చెయ్యి కూడా కలిపాను.

సీట్ల సంగతి. వెనక అరుగుకి దగ్గరని అందరూ వెనక సీట్లకే ఎగబడతారు. వెనక ఇరుసు దాటాక ఉన్న సీట్లలో కుదుపు రెట్టింపు, ఈ బండిలో అయినా మన పల్లెవెలుగులో అయినా. నడుం నొప్పి ఉన్నవాళ్లు రెండు ఇరుసుల మధ్య, కిటికీ పక్కన కూర్చోండి. బండి ఆగాక అరుగు మీదికి నడిచి వెళ్లడానికి కావలసినంత టైము ఉంటుంది.